జాబితాలో కిందున్న గేములు ఆడని వీ కన్సోల్: ఒక మెమరీ కార్డ్ కేస్ స్టడీ

పాత కన్సోళ్లు బాగుచేసేవాళ్ల దగ్గరికి తరచూ వచ్చే ఫిర్యాదు ఒకటుంది. "కార్డ్‌లో గేములన్నీ కనిపిస్తున్నాయి, కానీ కొన్ని ఆడట్లేదు" అంటారు. అప్పటికే లోడర్ (కార్డ్‌లోని గేములను నడిపే ప్రోగ్రాం) వెర్షన్లు మార్చి, సెట్టింగులు తిరగేసి, ఎవరో చెప్పారని కన్సోల్ సిస్టమ్ ఫైళ్లలో కూడా చెయ్యిపెట్టి ఉంటారు. కార్డ్‌ను మాత్రం ఎవరూ అనుమానించరు. ఈ కేసులోనూ అంతే జరిగింది. లక్షణాలు చాలా స్పష్టంగా ఉన్నందువల్ల వివరంగా రాస్తున్నాను.

కన్సోల్ నింటెండో వీ, ఆర్‌వీఎల్-001 మోడల్. పక్కనున్న మూత తెరిస్తే నాలుగు గేమ్‌క్యూబ్ (వీకి ముందు నింటెండో తెచ్చిన కన్సోల్) కంట్రోలర్ సాకెట్లు, రెండు గేమ్‌క్యూబ్ మెమరీ కార్డ్ స్లాట్లు కనిపిస్తాయి. తర్వాత వచ్చిన ఆర్‌వీఎల్-101లో వీటిని తీసేశారు. వీ మినీలోనైతే ఎస్‌డీ కార్డ్ స్లాటే లేదు. గేమ్‌క్యూబ్ గేముల కోసం వీ కొనాలనుకునేవాళ్లు ముందు ఈ మూత ఉందో లేదో చూసుకోవాలి.

యజమానికి గేమ్‌క్యూబ్ రోజుల నుంచి దాచుకున్న ఒరిజినల్ డిస్క్‌లు ఇరవై రెండు ఉన్నాయి. వయసు మీద పడి వీ డ్రైవ్‌లోని లేజర్ బలహీనపడింది. ఆ చిన్న డిస్క్ పెడితే కాసేపు గిర్రున తిరిగి, చదవలేకపోతున్నానని చెప్పేసేది. ఆయన బంధువుల ఇంట్లో ఉన్న మరో వీలో క్లీన్‌రిప్ అనే ప్రోగ్రాంతో డిస్క్‌లన్నిటినీ ఇమేజ్‌లుగా, అంటే ఒక్కో డిస్క్ మొత్తాన్ని ఒక్కో ఫైల్‌గా తీసుకున్నారు. 128 జీబీ అని రాసున్న ఎస్‌డీ కార్డ్ ఒకటి ఆన్‌లైన్లో తెప్పించుకుని, ఫ్యాట్32లో (కార్డ్‌లో ఫైళ్లను సర్దే ఒక పద్ధతి) ఫార్మాట్ చేసి, ఇమేజ్‌లన్నీ ఎక్కించారు. నింటెండోంట్ అనే లోడర్‌తో ఆడటం మొదలుపెట్టారు. చేసిన పద్ధతిలో తప్పేమీ లేదు.

"పైనున్నవి బ్రహ్మాండంగా ఆడుతున్నాయండీ. కిందికి వెళ్లేకొద్దీ ఒక్కటీ ఆడట్లేదు. అన్ని గేములు పెడితే కన్సోల్ తట్టుకోలేకపోతోందేమో" అన్నారాయన. ఈ అనుమానానికి ఆయన దగ్గర రుజువు కూడా ఉంది. కార్డ్ మొత్తం చెరిపేసి, ఆడని గేముల్లోంచి ఒకదాన్ని మాత్రమే పెట్టి చూశారు. అది చక్కగా ఆడింది. మళ్లీ ఇరవై రెండూ పెడితే అదే గేమ్ నల్ల స్క్రీన్ దగ్గర ఆగిపోయింది.

ఆ రుజువు నిజమే, దాన్నుంచి ఆయన తేల్చుకున్నదే తప్పు. నింటెండోంట్ పనితీరు తెలిస్తే అది ఎందుకు తప్పో అర్థమవుతుంది. వీ ప్రాసెసర్ గేమ్‌క్యూబ్ ప్రాసెసర్ కుటుంబానిదే. గేమ్‌క్యూబ్ కోడ్‌ను నేరుగా నడపగలదు, ఎమ్యులేషన్ (ఒక యంత్రాన్ని సాఫ్ట్‌వేర్‌తో అనుకరించడం) అక్కర్లేదు. నింటెండోంట్ చేసేదల్లా గేమ్ "డిస్క్‌లో ఫలానా చోటి నుంచి ఇన్ని బైట్లు ఇవ్వు" అని అడిగినప్పుడు ఆ అభ్యర్థనను మధ్యలో పట్టుకుని, కార్డ్‌లోని ఇమేజ్ ఫైల్‌లో అదే చోటి నుంచి తీసి ఇవ్వడం. ఈ పనిని వీలోనే విడిగా ఉన్న ఒక ఏఆర్‌ఎం ప్రాసెసర్ చూసుకుంటుంది. ఆడుతున్నది ఒకే గేమ్. పక్కన ఇంకెన్ని ఫైళ్లున్నా దానికి సంబంధం లేదు. గేములు ఎక్కువైతే మెనూ రావడం కాస్త ఆలస్యం కావచ్చు, అంతే.

అయితే "కిందున్నవి ఆడవు" అన్న మాటను మాత్రం నేను వదల్లేదు. నింటెండోంట్ మెనూలో గేములు అక్షరక్రమంలో వస్తాయి. కంప్యూటర్లో ఫోల్డర్లన్నీ ఒకేసారి ఎంచుకుని కాపీ చేసినా సాధారణంగా అదే వరసలో వెళ్తాయి. కొత్తగా ఫార్మాట్ చేసిన కార్డ్‌లో ఫైళ్లు మొదటి నుంచి ఒకదాని వెనక ఒకటి సర్దుకుంటాయి. అంటే మెనూలో కిందుండటమూ, కార్డ్‌లో దూరంగా ఉండటమూ ఇక్కడ ఒకటే. ఆయన చెప్పినది గేముల సంఖ్య గురించి కాదు, కార్డ్‌లో అవి ఉన్న చోటు గురించి.

ఎక్కడ తెగిందో వెతకడం

కార్డ్ చేతికి రాగానే చేసిన మొదటి పని దాన్ని ఏమీ మార్చకుండా సేవ్స్ ఫోల్డర్‌ను (ఆట ఎక్కడిదాకా వచ్చిందో దాచే ఫైళ్లు ఉండేది) కంప్యూటర్లోకి కాపీ చేసుకోవడం. కార్డ్ పక్కనున్న లాక్ మీటను చూశాను, సరిగ్గానే ఉంది. మైక్రో ఎస్‌డీ అడాప్టర్లలో ఆ మీట వదులైపోయి, కార్డ్‌ను స్లాట్‌లోకి తోసేటప్పుడు లాక్ వైపు జారిపోతుంటుంది. అప్పుడు గేమ్ ఆడుతుంది కానీ సేవ్ అవ్వదు. స్లాట్‌లోని పిన్నులు శుభ్రంగా, నిటారుగా ఉన్నాయి.

ఆ తర్వాత ఇరవై రెండు గేములూ వరసగా నడిపి, ఒక్కొక్కటి ఏ దశలో ఆగుతోందో రాసుకున్నాను. మొదటి పది గేములు ఎంతసేపు ఆడించినా ఇబ్బంది లేదు. పన్నెండో దాని నుంచి చివరిదాకా ఏదీ మొదలే కాలేదు. నల్ల స్క్రీన్ వచ్చేది, లేదా ఇమేజే చెల్లదని లోడర్ తిప్పికొట్టేది. నన్ను పట్టి ఆపింది పదకొండోది. అది మొదలైంది, లోగోలు వచ్చాయి, మెనూ వచ్చింది, ఆట కూడా నడిచింది. కానీ ఒక లెవెల్ లోడ్ అయ్యే చోట సంగీతం మోగుతూనే ఉంది, బొమ్మ బిగుసుకుపోయింది. మళ్లీ నడిపితే మళ్లీ అక్కడే.

దానికంటే పైవి బాగున్నాయి, కిందివి పూర్తిగా పోయాయి, ఇది మాత్రం సగం వరకే బాగుంది. సరిహద్దు ఈ ఫైల్ మధ్యలోంచి వెళ్తోందన్నమాట. గేమ్‌క్యూబ్ డిస్క్ పూర్తి ఇమేజ్ ఏ గేమ్‌దైనా సరిగ్గా 1,45,99,78,240 బైట్లు ఉంటుంది. కంప్యూటర్ లెక్కలో సుమారు 1.36 జీబీ. పది గేములకు 13.6, పదకొండో దానితో 15కు కాస్త తక్కువ. కార్డ్‌లో నిజంగా పనిచేస్తున్న చోటు ఈ రెండు అంకెల మధ్య ఎక్కడో అయిపోతోంది. పదహారు జీబీ చిప్‌కు 128 జీబీ అని పేరు పెట్టి అమ్మారేమోనన్న అనుమానం అప్పుడే బలపడింది.

అనుమానంతో ఆగిపోకూడదు, నిరూపించుకోవాలి. యజమాని కంప్యూటర్లో అసలు ఇమేజ్‌లు భద్రంగా ఉన్నాయి. వాటి ఎస్‌హెచ్‌ఏ-1 విలువలు (ఫైల్‌లోని డేటా నుంచి లెక్కగట్టే వేలిముద్ర లాంటివి, వీటినే హ్యాష్ అంటారు) తీసి, కార్డ్‌లోని కాపీల విలువలతో పోల్చాను. ఇక్కడ చాలామందిని తప్పుదోవ పట్టించే విషయం ఒకటుంది. కాపీ చేసిన వెంటనే పోల్చితే ఆపరేటింగ్ సిస్టమ్ కార్డ్‌ను చదవకుండా, తన మెమరీలో ఇంకా మిగిలున్న డేటానే చూపించేస్తుంది. విలువలు చక్కగా కలుస్తాయి, కార్డ్ బాగుందనుకుంటాం. కార్డ్‌ను ఎజెక్ట్ చేసి, బయటికి తీసి, మళ్లీ పెట్టాకే పోల్చాలి. నేను అలాగే చేశాను. మొదటి పదీ కలిశాయి. పదకొండు నుంచి ఒక్కటీ కలవలేదు.

చివరి రుజువు కోసం ఎఫ్3 అనే ఉచిత టూల్ వాడాను. విండోస్‌లో ఇదే పనికి హెచ్2టెస్ట్‌డబ్ల్యూ ఉంది. రెండింటి పద్ధతీ ఒకటే: కార్డ్ నిండేదాకా తెలిసిన డేటా రాయడం, తర్వాత అంతా తిరిగి చదివి సరిపోల్చడం. రాసేటప్పుడు కార్డ్ ఒక్క ఎర్రర్ కూడా ఇవ్వలేదు. చదివేటప్పుడు 14.5 జీబీ మాత్రమే సరిగ్గా వచ్చింది. మిగతాదంతా పోయినట్టే తేలింది.

ఈ నకిలీ కార్డ్‌లు ఇంతమందిని మోసం చేయడానికి కారణం ఫ్యాట్32 నిర్మాణంలోనే ఉంది. ఏ ఫైల్ పేరేమిటి, సైజెంత, ఎక్కడ మొదలవుతుంది అనే వివరాలు ఎక్కువగా కార్డ్ మొదటి భాగంలో ఉంటాయి. ఆ భాగం నిజమైన చిప్ మీదే ఉంది కాబట్టి అదంతా పక్కాగా నిలుస్తుంది. ఫైల్ లోపలి డేటా మాత్రం లేని చోటికి వెళ్తుంది. కార్డ్‌లోని కంట్రోలర్ చిప్ "రాసేశాను" అని చెప్పి దాన్ని పారేస్తుంది. కట్టని ఇంటికి అడ్రస్ రాసిచ్చినట్టన్నమాట. మెనూలో పేరు కనిపిస్తుంది, కంప్యూటర్లో సైజు సరిగ్గా కనిపిస్తుంది, లోపల ఏమీ ఉండదు. క్విక్ ఫార్మాట్ చేస్తే ఇది బయటపడదు, ఎందుకంటే అది ముట్టుకునేది ఆ మొదటి భాగాన్నే.

యజమాని చేసిన ప్రయోగం కూడా దీంతో తేటతెల్లమైంది. కార్డ్ చెరిపి ఒక్క గేమే పెట్టినప్పుడు అది మొదటి భాగంలో కూర్చుంది, అందుకే ఆడింది.

ఆయన మొదట చెప్పని ఇంకో సంగతి అడిగితే బయటికొచ్చింది. బాగా ఆడుతున్న గేముల్లో కూడా సేవ్‌లు పోయేవట. మర్నాడు తెరిస్తే "మెమరీ కార్డ్ పాడైంది, ఫార్మాట్ చేయాలా" అని గేమ్ అడిగేదట. ఆయన అది వేరే సమస్య అనుకున్నారు. అసలు జరిగింది ఇది: నింటెండోంట్‌లో మెమరీ కార్డ్ ఎమ్యులేషన్ ఆన్ చేస్తే, గేమ్ మొదటిసారి నడిచినప్పుడు సేవ్స్ ఫోల్డర్‌లో ఒక ఫైల్ తయారవుతుంది. గేములన్నీ ఎక్కించాక తయారైన ఫైల్ కాబట్టి దానికి దొరికే చోటు ఆ గేములన్నిటి తర్వాతే. అంటే సరిహద్దుకు ఎంతో అవతల. గంటల తరబడి ఆడిన ఆట అలా పోవడం నాకు చాలా బాధనిపించే విషయం. గేమ్‌ను డిస్క్ నుంచి మళ్లీ తీసుకోవచ్చు, సేవ్‌ను ఎక్కడి నుంచి తెస్తాం?

సరిచేసిన పద్ధతి

కొత్త కార్డ్ 64 జీబీది తెప్పించాం. కవర్ విప్పగానే, ఒక్క ఫైల్ కూడా ఎక్కించకముందే ఎఫ్3తో మొత్తం రాయించి చదివించాను. పూర్తిగా నిజమైనదే. ఇంకా వేగవంతమైన కార్డ్ కొనాలా అని యజమాని అడిగారు. అక్కర్లేదు. గేమ్‌క్యూబ్ డ్రైవ్ డిస్క్ నుంచి చదివే వేగమే సెకనుకు 2 నుంచి 3.125 ఎంబీ. గేములన్నీ ఆ వేగానికి తగ్గట్టు రాసినవే. మామూలు కార్డ్ ఏదైనా దీన్ని సులువుగా అందుకుంటుంది. ఆ డబ్బు మంచి పేరున్న కార్డ్‌కు, నమ్మకమైన అమ్మకందారుకు పెట్టడం మేలు.

32 జీబీ దాటిన కార్డ్‌లు ఎక్స్‌ఫ్యాట్‌లో వస్తాయి, ఆ ఫార్మాట్ వీ హోమ్‌బ్రూ (ఔత్సాహికులు సొంతంగా రాసిన ప్రోగ్రాముల) ప్రపంచంలో చాలావరకు పనికిరాదు. విండోస్ మామూలు ఫార్మాట్ కిటికీ ఆ సైజుకు ఫ్యాట్32 చూపించదు కాబట్టి విడిగా ఒక ఫార్మాటింగ్ టూల్ వాడాలి. క్లస్టర్ సైజు (ఫైళ్లకు చోటు కేటాయించే కనీస ముక్క) 32 కేబీ పెట్టాను. గేమ్స్ అనే ఫోల్డర్‌లో ఒక్కో గేమ్‌కు దాని పేరు, ఐడీతో ఒక ఫోల్డర్, అందులో గేమ్ డాట్ ఐఎస్ఓ అనే ఫైల్. రెండు డిస్క్‌ల గేమ్ అయితే రెండోదానికి డిస్క్2 డాట్ ఐఎస్ఓ అని పేరు.

గేములకంటే ముందు చేసిన పని ఇంకొకటుంది. ఈ కన్సోల్‌లో హోమ్‌బ్రూ ఛానెల్ (హోమ్‌బ్రూ ప్రోగ్రాములు తెరిచే మెనూ), బూట్‌మీ (నాండ్ బ్యాకప్ తీసే టూల్) ఉన్నాయి కానీ నాండ్ బ్యాకప్ తీసుకోలేదు. వీ లోపలి నాండ్ మెమరీ 512 ఎంబీ. సిస్టమ్ మెనూ, ఛానెళ్లు, వీ గేముల సేవ్‌లు అన్నీ అందులోనే ఉంటాయి. అది చెడితే కన్సోల్ లేవదు. వీ షాప్ ఛానెల్ 2019 జనవరి 30న మూతపడింది కాబట్టి అందులోని గేములను మళ్లీ కొనే దారి కూడా లేదు. బూట్‌మీలో వీ రిమోట్ పనిచేయదు. గేమ్‌క్యూబ్ కంట్రోలర్‌తో గానీ, కన్సోల్ మీదున్న పవర్, రీసెట్ బటన్లతో గానీ నడపాలి. బ్యాకప్ తీసేటప్పుడు కొన్ని బ్యాడ్ బ్లాక్‌లు కనిపిస్తాయి. అలాంటివి కొద్దిగా ఫ్యాక్టరీ నుంచే ఉండటం మామూలే, వాటిని చూసి కంగారుపడక్కర్లేదు. కీస్ ఫైల్, నాండ్ ఫైల్ రెండింటినీ కంప్యూటర్లోకి తీసి యజమానికి ఇచ్చాను. ఆయన ఈ బ్యాకప్‌ను పాత కార్డ్ మీద, గేముల తర్వాత తీసుకుని ఉంటే ఏమయ్యేదో ఆలోచించండి. ఫైల్ ఉండేది, సైజు సరిపోయేది, అవసరం పడ్డ రోజున లోపల ఏమీ ఉండేది కాదు. అందుకే నేను కార్డ్ పరీక్ష పూర్తి కానిదే నాండ్ జోలికి వెళ్లను.

ఎవరో సలహా ఇచ్చారని ఆయన సిస్టమ్ ఐఓఎస్‌లు (వీ లోపలి సిస్టమ్ సాఫ్ట్‌వేర్ భాగాలు) మళ్లీ ఇన్‌స్టాల్ చేసే ఆలోచనలో కూడా ఉన్నారు. నింటెండోంట్‌కు కావాల్సింది ఐఓఎస్58, అది 4.3 మెనూతోనే వస్తుంది. గేమ్ ఆగిపోతోందని నాండ్ బ్యాకప్ లేకుండా ఐఓఎస్‌ల మీద చెయ్యేస్తే, ఆడని గేమ్ స్థానంలో లేవని కన్సోల్ మిగులుతుంది. దయచేసి ఎవరూ ఆ పని చేయొద్దు.

మిగిలిపోయిన రెండు గేములు

కొత్త కార్డ్‌తో ఇరవై గేములు సరిగ్గా నడిచాయి. రెండు ఇంకా తేడాగా ఉన్నాయి. ఒకటి ఒక వీడియో మధ్యలో ఆగుతోంది. రెండోది ఆడుతోంది గానీ, ఇమేజ్ హ్యాష్ రీడంప్ జాబితాలో నేను చూస్తున్న విలువతో కలవట్లేదు. రీడంప్ అనేది డిస్క్‌ల సరైన ఇమేజ్‌ల హ్యాష్ విలువలను భద్రపరిచే డేటాబేస్. క్లీన్‌రిప్ కూడా ఆ జాబితా ఫైల్ కార్డ్‌లో ఉంటే, ఇమేజ్ తీయడం అవ్వగానే పోల్చి చెప్తుంది. యజమాని ఆ ఫైల్ పెట్టుకోలేదు.

రెండోదాని సంగతి తొందరగానే తేలింది. ఒకే గేమ్ వేర్వేరు రివిజన్లుగా వస్తుంటుంది. సూపర్ స్మాష్ బ్రదర్స్ మెలీకి 1.00, 1.01, 1.02 అని మూడున్నాయి, మూడింటి హ్యాష్‌లూ వేరు. ఆయన డిస్క్ తర్వాతి రివిజన్. జాబితాలో ఆ వరుసతో పోల్చితే అక్షరం తప్పకుండా కలిసింది.

మొదటిది అలా తేలలేదు. డిస్క్‌ను మెత్తటి గుడ్డతో మధ్య నుంచి అంచువైపు తుడిచి, బాగున్న డ్రైవ్ ఉన్న నా దగ్గరి వీలో మళ్లీ ఇమేజ్ తీశాను. హ్యాష్ వేరేది వచ్చింది. ఇంకోసారి తీస్తే మళ్లీ వేరేది. ఈ తేడా చాలా విలువైన సమాచారం. రెండుసార్లు తీసినప్పుడు ఒకే విలువ వచ్చి జాబితాతో కలవకపోతే అది తెలియని రివిజన్ కావచ్చు. తీసిన ప్రతిసారీ విలువ మారుతోందంటే మాత్రం డిస్క్ మీద ఏదో ఒక చోట లేజర్ తడబడుతున్నట్టే. వెలుతురుకు పట్టి చూస్తే చదివే వైపు వంపుగా ఒక గీత ఉంది, ట్రాక్ వెంబడే సాగింది. మధ్య నుంచి అంచుకు అడ్డంగా పడ్డ గీతలకంటే ఇలా ట్రాక్ వెంబడి పడ్డవే ఎక్కువ నష్టం చేస్తాయి, ఎందుకంటే వరసగా చాలా డేటా ఒకేచోట పోతుంది, ఎర్రర్ కరెక్షన్‌కు కోలుకునే అవకాశం ఉండదు.

ఆ గేమ్ ఇమేజ్‌ను ఇంకెక్కడి నుంచైనా దించుకుని పెట్టమని యజమాని అడిగారు. నేను ఒప్పుకోలేదు. ఆయన చేతిలో డిస్క్ ఉంది, ఆ డిస్క్ నుంచి కాపీ తీసిపెట్టడమే నేను ఒప్పుకున్న పని. సొంత కాపీ విషయంలో చట్టాలు ఒక్కో దేశంలో ఒక్కోలా ఉంటాయి, అది ఎవరికి వాళ్లు తెలుసుకోవాలి. వేరేవాళ్లు ఎక్కడో పెట్టిన ఇమేజ్‌లు, గేములు నింపి అమ్మే కార్డ్‌లు నా బల్ల మీదికి రానివ్వను. డిస్క్‌ను పాలిష్ చేయించమని చెప్పాను. గీత చదివే వైపు ప్లాస్టిక్ మీదే ఉంది, డేటా పొర అంతకంటే లోపలుంటుంది కాబట్టి ఆశ ఉంది.

ఇక సేవ్‌లు. నకిలీ కార్డ్ మీద పోయినవి తిరిగి రాలేదు, రావు కూడా. కానీ ఆయన దగ్గర పాత గేమ్‌క్యూబ్ మెమరీ కార్డ్ ఒకటుంది, 251 బ్లాక్‌లది. ఒక్కో బ్లాక్ 8 కేబీ. చిన్నప్పటి సేవ్‌లు అందులో ఉన్నాయి. వీ పక్క మూత కింది స్లాట్‌లో పెట్టి, జీసీఎంఎం అనే హోమ్‌బ్రూతో ముందు మొత్తం కార్డ్‌కు రా బ్యాకప్ (ఉన్నదున్నట్టు ఒకే ఫైల్‌గా కాపీ), తర్వాత ఒక్కో సేవ్‌ను విడి ఫైల్‌గా ఎస్‌డీ కార్డ్‌లోకి తీశాను. నింటెండోంట్ తయారుచేసే కార్డ్ ఫైళ్లను కంప్యూటర్లో డాల్ఫిన్ ఎమ్యులేటర్ మెమరీ కార్డ్ మేనేజర్ తెరవగలదు. అక్కడ ఆ విడి ఫైళ్లను చేర్చి మళ్లీ సేవ్స్ ఫోల్డర్‌లో పెట్టాను. ఎఫ్-జీరో జీఎక్స్ లాంటి గేమ్ సేవ్ కార్డ్ సీరియల్ నంబర్‌తో ముడిపడి ఉంటుంది, ఒక కార్డ్ నుంచి ఇంకో కార్డ్‌కు మామూలుగా కాపీ అవ్వదు. అలాంటిది ఉంటే విడి ఫైల్‌గా కాకుండా మొత్తం కార్డ్ రా బ్యాకప్ రూపంలోనే వాడటం మంచిది.

కన్సోల్‌తో పాటు ఆయనకు ఇచ్చినవి: పరీక్షించిన 64 జీబీ కార్డ్, అందులో హ్యాష్ కలిసిన ఇరవై ఒక్క గేములు, కంప్యూటర్లో నాండ్ బ్యాకప్, పాత మెమరీ కార్డ్ బ్యాకప్, ఒక్కో ఇమేజ్ ఎస్‌హెచ్‌ఏ-1 విలువలు రాసిన టెక్స్ట్ ఫైల్. పాత కార్డ్ మీద మార్కర్‌తో "14.5 మాత్రమే" అని రాసి విడిగా కవర్లో పెట్టాను, డబ్బు వాపసు అడగడానికి ఎఫ్3 రిపోర్ట్‌తో పాటు పనికొస్తుందని. డ్రైవ్ లేజర్ మార్చలేదు. కార్డ్ నుంచి ఆడటానికి దాని అవసరం లేదు, పైగా ఆయనకు వీ డిస్క్‌లు లేవు. ఇరవై రెండో గేమ్ డిస్క్ పాలిష్‌కు వెళ్లింది. తిరిగొచ్చాక రెండుసార్లు ఇమేజ్ తీసి, రెండూ ఒకేలా వస్తేనే కార్డ్‌లోకి ఎక్కిస్తాను.